బిగుసుకుపోవడం

వంగే గుణమో, ఆడే గుణమో ఉన్నది ఆ గుణం పోగొట్టుకుని కదలకుండా పట్టుకుపోవడాన్ని తెలుగులో ‘బిగుసుకుపోవడం’ అంటారు. తుప్పు పట్టిన నట్టు బిగుసుకుపోతుంది. ముసురు పట్టిన నాలుగు రోజులకే చెక్క తలుపు ద్వారబంధంలో బిగుసుకుపోతుంది. కీళ్లవాతం ఉన్నవాళ్లకి పొద్దున్నే చేతివేళ్లు బిగుసుకుపోతాయి. ఆస్తి పంపకాల దగ్గర అన్నదమ్ములు బిగుసుకుపోతారు. వస్తువుకీ, ఒంటికీ, మనసుకీ ఒకే క్రియ ఇలా చెల్లుతుంది.

దీనికి దగ్గరి మాట ‘గట్టిపడు’. అయితే రెండూ ఒకటి కావు. గట్టిపడటం పదార్థానికి జరిగేది. బిగుసుకుపోవడం కదిలే రెండు భాగాల నడుమ ఉండే సందుకు జరిగేది. తుప్పు పట్టక ముందు నట్టు ఇనుము ఎంత గట్టిదో, పట్టాక అంతకంటే గట్టిదేమీ కాదు. పోయింది మరకూ మరకూ మధ్య ఉండే ఆట మాత్రమే. మెకానిక్కులు దాన్నే ‘ప్లే’ అంటారు. సడలే దారి మూసుకుపోవడమే ఈ మాటకు అసలు అర్థమని గుర్తుంచుకుంటే, కిందకు వచ్చే ప్రయోగాల్లో చాలావరకు వాటంతట అవే విడివడతాయి.

మాట, దాని రూపాలు

మూలం ‘బిగి’ అనే నామవాచకం. కన్నడంలోనూ ‘బిగి’ ఇదే అర్థంలో ఉంది. బ్రౌన్ నిఘంటువు (1852), బహుజనపల్లి సీతారామాచార్యుల శబ్దరత్నాకరం (1885) ఈ కుటుంబాన్ని నమోదు చేశాయి. కావ్యభాషలోని ‘బిగియు’, ‘బిగుచు’ వ్యవహారంలో ‘బిగుసు’ అయ్యాయి. ఎవరో పూనుకుని చేస్తే ‘బిగించు’. నామరూపాల్లో ‘బిగుతు’ ఎక్కువగా కంటికి, చేతికి తెలిసేదానికి చెల్లుతుంది: చొక్కా బిగుతు, మూత బిగుతు. ‘బిగువు’ అంతకంటే విశాలం: పట్టు బిగువు, మాట బిగువు, కథ బిగువు. తెలంగాణలో ఇదే భావానికి ‘బిర్రు’ నిత్య వ్యవహారం: అంగీ బిర్రుగున్నది. కోస్తాలో ‘బిర్రు’ అనే మాట పెళ్లిభోజనం తర్వాత పొట్టకు ఎక్కువగా వాడతారు. బిర్రూ బిగుసూ కలిసిన ‘బిర్రబిగుసుకుపోవు’ మాత్రం అన్ని ప్రాంతాలకూ అర్థమవుతుంది.

క్రియ వెనక చేరే చిన్న క్రియలు ఇక్కడ చేసే పని చూడదగ్గది. మేస్త్రీ నట్టు బిగించాడు, నట్టు బిగిసింది, నట్టు బిగుసుకుంది, నట్టు బిగుసుకుపోయింది. మొదటిదాంట్లో మనిషి పనితనం ఉంది. రెండోదాంట్లో పని సవ్యంగా అయిందన్న తృప్తి ఉంది. ‘కొను’ చేరగానే బయటి చెయ్యి పోయి, జరిగేదంతా నట్టుకే అంటుకుంటుంది. చివర ‘పోవు’ చేరిందంటే ఇక పానా పనిచేయదు; కిరసనాయిలు పోసి నానబెట్టాలి, లేదా కాక పెట్టాలి. మనిషి విషయంలోనూ అంతే. ‘బిగుసుకు కూర్చున్నాడు’ అంటే కావాలనే పట్టు పట్టాడని. ‘మైకు ముందు బిగుసుకుపోయాడు’ అంటే పాపం, వాడి చేతిలో లేదని. ఒక్క ‘పోవు’తో నేరం కాస్తా జాలిగా మారుతుంది.

పిడికిలి బిగించడం, నడుం బిగించడం, పంటి బిగువున బాధ ఓర్చుకోవడం, ఊపిరి బిగబట్టడం, ఉచ్చు బిగుసుకోవడం ఇవన్నీ ఆ మూలం నుంచే వచ్చిన నుడికారాలు. వీటిలో చాలావాటికి మెచ్చుకోలు అర్థమే ఉంది. బిగించడం మంచిది, బిగుసుకుపోవడం చెడ్డది అని భాషే గీత గీసింది.

సాటి మాటలు

గట్టిదనం దేనికి వచ్చింది, ఎలా వచ్చింది అన్నదాన్ని బట్టి తెలుగు వేర్వేరు క్రియలు వాడుతుంది. నెయ్యి పేరుకుంటుంది, పెరుగు తోడుకుంటుంది, నెత్తురు గడ్డకడుతుంది, పాకం ముదురుతుంది, దాహంతో నోరు పిడచకట్టుకుపోతుంది, చలికి వేళ్లు కొంకర్లు పోతాయి, పరుగెత్తినవాడికి పిక్క పట్టేస్తుంది. పెరుగు పేరుకుందని ఎవరూ అనరు. నెయ్యి తోడుకుందని అంటే నవ్వుతారు.

‘బారు’తో ముగిసే గుంపు ఒకటుంది. పాత భాషలో ఇది ‘పాఱు’. ఒక స్థితి ఒళ్లంతా పాకడాన్ని సూచిస్తుంది. కొయ్యబారు, మొద్దుబారు, బండబారు, గిడసబారు. ఎదగకుండా ఆగిపోయిన పైరును రైతు ‘గిడసబారింది’ అంటాడు. భయంతోనో ఆశ్చర్యంతోనో కదలిక లేకుండా నిలబడినవాడు కొయ్యబారినవాడు. సంస్కృతంలో స్తంభం అన్నా నిలువు కొయ్యే. భరతుడి నాట్యశాస్త్రం చెప్పే 8 సాత్త్విక భావాల జాబితాలో మొదటిది ‘స్తంభం’: హర్షంతోనో భయంతోనో ఒళ్లు కదలకపోవడం. అభినయంలో అది నర్తకి సాధించుకోవాల్సిన విద్య. రోడ్డు మీద అదే మాట ‘ట్రాఫిక్ స్తంభించింది’ అయింది.

అన్నం విషయంలో వంటింటి మాట ‘బిరుసెక్కడం’. ఉడికేటప్పుడు బియ్యంలోని పిండిపదార్థం నీళ్లు పీల్చి ఉబ్బుతుంది. చల్లారేకొద్దీ అందులోని అమైలోజ్ గొలుసులు మళ్లీ దగ్గరకు జరిగి, ఒకదానికొకటి పెనవేసుకుని, నీటిని బయటికి నెడతాయి. ఫ్రిజ్‌లోని చల్లదనానికి ఈ పని ఇంకా త్వరగా జరుగుతుంది. అందుకే రాత్రి ఫ్రిజ్‌లో పెట్టిన అన్నం పొద్దున్నే పలుకుల్లా విడిపోతుంది. నాలుగు నీళ్ల చుక్కలు చిలకరించి ఆవిరి మీద వేడిచేస్తే తిరిగి మెత్తబడుతుంది. అన్నం వార్చిన గంజిలోనూ ఉన్నది ఆ పిండే. నేత చీరకు గంజి పెట్టి ఆరేస్తే పోగుల మీద పలుచటి పొరగా ఎండి, గుడ్డను నిలబెడుతుంది. మగ్గం ఎక్కే ముందు పడుగు నూలుకు గంజి పట్టించేది కూడా మగ్గం లాగుళ్లకీ రాపిడికీ పోగు తట్టుకోవడానికే.

లోహం

ఇనుప తీగను ఒకేచోట అటూ ఇటూ వంచుతూ పోతే ముందు వంగనని మొరాయిస్తుంది, తర్వాత పుటుక్కున విరుగుతుంది. జనగామ దగ్గర పెంబర్తిలో ఇత్తడి రేకు మీద బొమ్మలు తేల్చే పనివాళ్లకు ఈ మొరాయింపు రోజూ ఎదురయ్యేదే. రేకును సుత్తితో కొడుతున్న కొద్దీ అది బిరుసెక్కుతుంది. అదే దెబ్బకు మొదట్లో లోతుగా దిగిన రేకు, కాసేపయ్యాక దిగదు. అప్పుడూ కొడుతూ పోతే చిట్లుతుంది. అందుకని పని మధ్యలో ఆపి, రేకును నిప్పుల్లో కాల్చి మెత్తబరచి, మళ్లీ మొదలుపెడతారు. బంగారు తీగ లాగే కంసాలి చేసేదీ ఇదే.

కారణం 1934లో తేలింది. జెఫ్రీ టేలర్, ఎగాన్ ఒరోవాన్, మైఖేల్ పొలానీ అనే ముగ్గురు శాస్త్రవేత్తలూ ఎవరికి వారుగా ఒకే సంగతి చెప్పారు: లోహపు స్ఫటికంలో పరమాణువుల వరుసలు అక్కడక్కడా తప్పి ఉంటాయని, ఆ తప్పులు జరుగుతూ పోవడం వల్లే లోహం వంగుతుందని. దెబ్బ పడ్డకొద్దీ ఈ తప్పు వరుసలు పెరుగుతాయి. పెరిగేకొద్దీ ఒకదాని దారికి మరొకటి అడ్డంపడి చిక్కుపడతాయి. జరగడానికి దారి లేనప్పుడు లోహం వంగదు. కాల్చినప్పుడు ఆ చిక్కు విడుతుంది. ఇక్కడా బిగువు బయటినుంచి వచ్చి చేరలేదు. సడలే దారే మూసుకుపోయింది.

ఒళ్లు

మనిషి కండరం పనితీరు ఈ మాటకు ఇంతగా ఒదుగుతుందని పాతకాలపు నిఘంటుకారులు ఊహించి ఉండరు. కండరంలో మయోసిన్, యాక్టిన్ అనే రెండు రకాల ప్రొటీన్ పోగులుంటాయి. మయోసిన్ తలలు యాక్టిన్‌ను పట్టుకుని లాగుతాయి, కండరం కుదించుకుంటుంది. లాగడానికి శక్తి కావాలన్నది అందరూ ఊహించగలిగేదే. ఊహకు అందనిది ఇంకొకటుంది: పట్టు విడవడానికీ శక్తే కావాలి. ఏటీపీ అనే అణువు వచ్చి మయోసిన్ తలకు అంటుకుంటేనే అది యాక్టిన్‌ను వదులుతుంది.

ఈ ఏటీపీని కనుగొన్నవారిలో ఒకరు మన భీమవరంలో 1895లో పుట్టిన యల్లాప్రగడ సుబ్బారావు. హార్వర్డ్ వైద్య కళాశాలలో సైరస్ ఫిస్కేతో కలిసి 1927లో ఫాస్ఫోక్రియాటిన్‌ను, 1929లో ఏటీపీని వేరుచేశారు. అదే ఏడాది జర్మనీలో కార్ల్ లోమన్ కూడా ఏటీపీని గుర్తించాడు. 1940ల తొలినాళ్లలో హంగరీలోని సెగెడ్‌లో ఆల్బర్ట్ సెంట్ జార్జీ బృందం, కండరం పట్టూ విడుపూ ఈ అణువు చుట్టూనే తిరుగుతాయని చూపించింది.

చనిపోయిన దేహం బిగుసుకుపోవడానికి కారణం అక్కడే ఉంది. ఊపిరి ఆగాక కొత్త ఏటీపీ తయారుకాదు. ఉన్నది అయిపోగానే పట్టుకున్న తలలు పట్టుకున్నట్టే ఉండిపోతాయి. కనురెప్పలు, దవడ, మెడ ముందుగా బిగుస్తాయి. తర్వాత చేతులు, కాళ్లు. సుమారు 12 గంటలకు ఒళ్లంతా కొయ్యబారుతుంది. ఆ తర్వాత ప్రొటీన్లు చివికిపోవడంతో బిగువు క్రమంగా వదులుతుంది. ఎండాకాలంలో రావడమూ త్వరే, పోవడమూ త్వరే. ఈ వరుసను ఫ్రెంచి వైద్యుడు నిస్టెన్ 1811లోనే రాసిపెట్టాడు. మరణ సమయాన్ని అంచనా కట్టే వైద్యులు ఇప్పటికీ దాన్ని ఒక ఆధారంగా తీసుకుంటారు, ఒక్కదానిమీదే నిలబడరు.

మన ఇళ్లలో పోయినవారి కళ్లు మూసి, గడ్డం కిందుగా గుడ్డ వేసి తలకు కట్టి, కాళ్లు చాపి బొటనవేళ్లు కలిపి కడతారు. ఇంట్లో ఏడుపుల మధ్య ఒక పెద్దామె లేచి, ఎవరూ చెప్పకుండానే ఈ పని చేసేస్తుంది. ఆచారంగా దీనికి చెప్పే అర్థాలు ఎన్ని ఉన్నా, దవడ బిగుసుకుపోయాక నోరు మూయించడం ఎవరివల్లా కాదన్నది ఆమెకు తెలుసు.

బతికున్న ఒంట్లో అంత భయంకరమైన బిగువు తెచ్చేది ధనుర్వాతం. వెన్ను విల్లులా వంగిపోవడాన్ని చూసి పెట్టిన పేరు. మట్టిలో, పశువుల పేడలో ఉండే క్లాస్ట్రీడియం టెటని అనే బాక్టీరియా గాలి తగలని లోతైన గాయంలో పెరిగి విషం విడుస్తుంది. ఆ విషం నరాల వెంట వెన్నుపాముకు చేరి, కండరానికి ‘ఇక చాలు, వదులు’ అని చెప్పే సంకేతాలను ఆపేస్తుంది. బిగించమనే సంకేతాలు మాత్రం వస్తూనే ఉంటాయి. చాలామందిలో తొలి లక్షణం దవడలు బిగుసుకుపోవడం. చెంచా కూడా నోట్లోకి పోదు. కితసాటో అనే శాస్త్రవేత్త 1889లో ఈ బాక్టీరియాను వేరుచేశాడు, మరుసటి ఏడు బేరింగ్ అనే మరో శాస్త్రవేత్తతో కలిసి విరుగుడు రక్తరసం దారి చూపాడు. టీకా వచ్చాక లోకం మారింది. ఒకప్పుడు బొడ్డుకోసిన అపరిశుభ్రమైన కొడవలి వల్ల పురిటిబిడ్డలు చనిపోయేవారు. తల్లీబిడ్డల ధనుర్వాతాన్ని భారతదేశం నిర్మూలించిందని ప్రపంచ ఆరోగ్య సంస్థ 2015లో ధ్రువీకరించింది. నిర్మూలించడమంటే మట్టిలోంచి పోవడం కాదు. మేకు గుచ్చుకున్నప్పుడు టీకా అవసరం ఇప్పటికీ అంతే.

భుజం బిగుసుకుపోవడం ప్రాణాంతకం కాదు గానీ, ఓర్పును పరీక్షిస్తుంది. కీలు చుట్టూ ఉండే పొర మందమై, ముడుచుకుని, చెయ్యి పైకి లేవదు, వెనక్కి తిరగదు. జడ అల్లుకోలేరు, వెనక జేబులోంచి పర్సు తీయలేరు. 40 నుంచి 60 ఏళ్ల మధ్య ఎక్కువ. మధుమేహం ఉన్నవాళ్లలో మరీ ఎక్కువ. చాలామందికి ఒకటి నుంచి మూడేళ్లలో తగ్గుతుంది. పొద్దుటి బిగువు ఎంతసేపు ఉంటుందన్న ప్రశ్న కూడా వైద్యులు ఊరికే అడగరు. అరగంటలోపు వదిలితే కీలు అరుగుదలని, గంట దాటినా వదలకపోతే కీళ్లవాతమని అనుమానిస్తారు. పార్కిన్సన్ వ్యాధిలో ఇంకో రకం: మోచెయ్యిని వైద్యుడు వంచుతుంటే పళ్లచక్రం తిప్పినట్టు ఆగి ఆగి కదులుతుంది. దీనికి వాడే లెవోడోపా మన చేలగట్ల మీద దురదకు పేరుపడ్డ దూలగొండి గింజల్లోనూ ఉంది. 1937లో మన దేశపు పరిశోధకులే దాన్ని ఆ గింజల నుంచి వేరుచేశారు. అలాగని ఎవరూ గింజలు నమిలి వైద్యం చేసుకోకూడదు, మోతాదు తప్పితే ప్రమాదం.

పైన చెప్పినవాటిలో చాలావరకు ఎంతో కొంత సడలేవే. సడలనిది నల్లగొండ, ప్రకాశం ప్రాంతాల్లో పల్లెలకు తెలుసు. తాగేనీటిలో ఫ్లోరైడ్ లీటరుకు 1.5 మిల్లీగ్రాముల హద్దును బాగా దాటి ఏళ్ల తరబడి ఒంట్లోకి పోతే ఎముకలు దళసరి అవుతాయి, ఎముకలను కలిపి ఉంచే సంధిబంధనాల్లో సున్నం చేరి అవే ఎముకల్లా మారతాయి. మెడ తిప్పాలంటే మనిషే తిరగాలి. బాసింపట్టు వేయడం కాదు కదా, నేలమీద కూర్చోవడమే కుదరదు. మన దేశంలో ఎముకల ఫ్లోరోసిస్‌ను తొలిసారి వైద్య పత్రికకెక్కించింది 1937లో, నాటి మద్రాసు ప్రెసిడెన్సీలోని నెల్లూరు జిల్లా పల్లెల నుంచి. 1970లలో నాగపూర్‌లోని జాతీయ పర్యావరణ ఇంజినీరింగ్ పరిశోధన సంస్థ పటిక, సున్నం కలిపి ఫ్లోరైడ్‌ను తేర్చే పద్ధతి తయారుచేసి దానికి ‘నల్లగొండ పద్ధతి’ అని పేరుపెట్టింది. ఒక జిల్లా పేరు ఇలా శాస్త్రంలోకి ఎక్కడం గర్వపడే సంగతేమీ కాదు. నీళ్లు మారితే కొత్తవారికి ఈ జబ్బు రాదు. ఒకసారి బిగిసిన వెన్ను మాత్రం తిరిగి వంగదు.

మనసు, మాట

మనిషి తీరుకు ఈ క్రియను అన్వయించినప్పుడు మెచ్చుకోలూ తెగడ్తా పక్కపక్కనే ఉంటాయి. కష్టాలు పడి నేర్చుకున్నవాడు రాటుదేలాడు. నేరాలు చేసి చేసి జంకు పోయినవాడు కరడుగట్టాడు. పత్రికల్లో ‘కరడుగట్టిన’ తర్వాత ‘నేరస్థుడు’ రాకపోతే పాఠకుడు ఆశ్చర్యపోతాడు. కొంచెం బతిమాలించుకుని దిగివచ్చేది బెట్టు. లోపల భయం ఉన్నా బయటికి కనపడనివ్వనిది బింకం. ఇద్దరూ బిగుసుకు కూర్చుంటే చర్చల వార్తల్లో ‘ప్రతిష్టంభన’, పల్లె నోట ‘పీటముడి’. కథకు మాత్రం బిగువు ఉండాల్సిందే. సమీక్షకుడు ‘కథనంలో బిగువు లేదు’ అన్నాడంటే పుస్తకం పని అయిపోయినట్టే. అదే సమీక్షకుడు నటుణ్ని ‘బిగుసుకుపోయాడు’ అంటే నటన పని అయిపోయినట్టు.

పరిభాషలో చిక్కు

భౌతికశాస్త్ర పాఠ్యపుస్తకాలు వంగనితనానికి ‘దృఢత్వం’ అన్న మాట తీసుకున్నాయి: దృఢ వస్తువు, దృఢతా గుణకం. అక్కడ అది బాగానే ఇమిడింది, దూలానికీ కమ్మీకీ దృఢత్వం ఉండాలి కాబట్టి. వైద్య కరపత్రాలు, అనువాదాలు అదే మాటను ఎత్తుకుని రోగ లక్షణాల్లో ‘కండరాల దృఢత్వం’ అని రాస్తున్నాయి. వాడుకలో దృఢమైన శరీరం అంటే ఆరోగ్యంగా, బలంగా ఉన్న శరీరం. పార్కిన్సన్ వచ్చిన తండ్రి కోసం ఆ కరపత్రం చదివే కొడుక్కి, కండరాలు దృఢంగా ఉంటే జబ్బేమిటో అర్థం కాదు. ‘దవడ దృఢత్వం’ అని చదివి ధనుర్వాతాన్ని అనుమానించేవాళ్లు ఎవరూ ఉండరు. ‘దవడలు బిగుసుకుపోవడం’ అంటే చదువురానివాళ్లకూ తెలుస్తుంది. ఆరోగ్య శాఖల కరపత్రాలు రాసేవారూ, మందుల డబ్బాల్లోని కాగితాలు అనువదించేవారూ ఈ ఒక్క చోటైనా దృఢత్వాన్ని పక్కనపెట్టి, జనం నోట ఉన్న మాటనే వాడాలి.